గేటుకు ఎదురు గోడ

ముహర్రక్
6 సెప్టెంబర్ 2024, శుక్రవారం

జమునా,

నీ పెద్దబాపు బతికే ఉన్నాడు, కళ్లద్దాల నంబరు మాత్రం పెరిగింది. మీ అమ్మ మోకాలు ఎట్లా ఉందో ముందు రాయి. మిగతావన్నీ తర్వాత.

ఫోన్ చేయవద్దని మళ్లీ చెబుతున్నాను. ముప్పై నాలుగేళ్లు ఈ ఎడారి దేశంలో కాంక్రీటు పగలగొట్టే మిషన్ల పక్కన నిలబడ్డ చెవులివి. నువ్వొకటి అంటావు, నేనొకటి వింటాను, ఇద్దరం అరుచుకుంటాం, బిల్డింగంతా నవ్వుకుంటుంది. కాగితం మీద రాసి, ఫోటో తీసి, కింద కొట్టు నడిపే కుతుబుద్దీన్ భాయ్ ఫోనుకు పంపు. ఆయన ప్రింటు తీసి ఇస్తాడు. హైదరాబాదాయన, తెలుగు మాట్లాడతాడు గానీ చదవలేడు. మన ఇంటి సంగతి మన మధ్యే ఉంటుంది.

ఇప్పుడు అసలు విషయం. మా బిల్డింగు గేటుకు ఎదురుగా పొడుగాటి పాత గోడ ఒకటి ఉంది. పొద్దున నాలుగున్నరకు కంపెనీ బస్సు ఆగేది దాని ముందే. ఈ ఊళ్లో గోడలకు బొమ్మలు వేయించే సంస్థ ఒకటి బయలుదేరింది. గల్లీలో ఉండేవాళ్లను అడిగి వాళ్లకు కావలసిన బొమ్మ వేయిస్తారట. మా గల్లీకి కుతుబుద్దీన్ కూతురు నిఖత్ వచ్చింది. ఇక్కడే పుట్టి, బొమ్మలు గీయడం చదువుకున్న పిల్ల. “అంకుల్, ఈ గోడ మీది. ఏం వెయ్యాల్నో మీరే చెప్పున్రి” అన్నది. ఈ దేశంలో ‘ఇది నీది’ అని నాకు ఎవరైనా చూపించిన మొదటి వస్తువు ఆ గోడే.

పద్నాలుగు గదులు, యాభై మందికి పైగా మనుషులు, దాదాపు అందరూ మన జగిత్యాల, ఆర్మూరు వైపు వాళ్లు. గదికొక ఓటు అనుకున్నాం. మీటింగు పెట్టినవాడు, కుర్చీలో కూర్చున్నవాడు, అందరికన్నా ముందు మాట్లాడినవాడు క్యాంపు ఇన్‌చార్జి పోశన్న. ఆ మనిషి ఎట్లాంటివాడో మీ ఇంట్లో నేను వేరే చెప్పనక్కరలేదు. గోడ నిండా బతుకమ్మ వేయాలట. కింద సంఘం పేరు, దాని కింద అధ్యక్షుడిగా తన పేరు.

నేను లేచి ఒక్కటే అడిగాను. ఈ గదుల్లోంచి డ్యూటీకి పోయి పెట్టెలో ఇంటికి చేరినవాళ్లు పన్నెండు మంది. వాళ్ల మొఖాలు వేద్దామా, పూలు వేద్దామా? ఈ ద్వీపం నడుమ నాలుగు వేల ఏళ్ల నాటి సమాధుల దిబ్బలున్నాయి. ఆనాటి వాళ్లకు తమ చచ్చినవాళ్ల మీద మట్టి కుప్ప పోసుకునేంత ఇంగితమైనా ఉంది. మన దగ్గర రాజులు గుడి కట్టించి తమ పేరు రాతి మీద చెక్కించుకున్నారు, ఉలి పట్టినవాడి పేరు ఎక్కడా లేదు. ఇన్ని పుస్తకాలు చదివి నేను నేర్చుకున్నది ఇదొక్కటే. నేను చదువుతానని వెక్కిరించే గాడిదలకు ఇది కూడా తెలియదు.

చిన్నప్పుడు మెట్‌పల్లిలో దుకాణాల బోర్డులు రాసిన చేతులు నావి. మొఖాలు నన్నే వేయమన్నది నిఖత్. అయితే సంస్థ వాళ్ల షరతు ఒకటుంది. చనిపోయినవాళ్ల బొమ్మ వేయాలంటే ఇంటివాళ్లు ఒప్పుకున్నట్టు కాగితం ఉండాలి, ఒక ఫోటో ఉండాలి. పన్నెండు మందిలో మొదట వేసేది మీ బాపును. నా దగ్గర వాడి ఫోటో ఒక్కటి కూడా లేదు. మీ అమ్మతో సంతకం పెట్టించి ఫోటో పంపు.

నా తమ్ముడి మొఖం ఆ గోడ ఎక్కిన మర్నాడు నేను ఇంటికి బయలుదేరతాను. అంతవరకు కదలను.

నీ పెద్దబాపు
రాజనర్సు


మెట్‌పల్లి
15 సెప్టెంబర్ 2024

పెద్దబాపుకు,

ఇక్కడ అందరం క్షేమం అని రాయడం అలవాటు. కానీ అమ్మ మోకాలు క్షేమంగా లేదు. మెట్లు దిగేటప్పుడు మెట్టుకొకసారి దేవుణ్ణి, రెండు మెట్లకొకసారి నన్ను తిడుతుంది.

నాకు పంచాయతీ ఆఫీసులో ఊపిరి ఆడడం లేదు. వానలకు మోరీలు నిండాయి, అందరికీ కార్యదర్శి నంబరు తెలుసు. నిన్న ఒకాయన తన ఇంటి ముందు నీళ్లు నిలిచాయని నన్ను తీసుకుపోయి ఆ నీళ్లలో నిలబెట్టి చూపించాడు.

నీ కోసం ముందు గదికి రెండోసారి సున్నం వేయించాను. మొదటిది పోయిన ఏడాది వేయించింది, నువ్వు రాకముందే పాతబడింది. నీ పుస్తకాలకని అల్మారా కూడా చేయించాను. ఇప్పుడు అందులో అమ్మ పసుపు కొమ్ములు ఆరబెడుతోంది. నీ పాస్‌పోర్టు సంగతి ఏమైంది? ఆ మాట నువ్వు ఈసారి ఎత్తనే లేదు.

పోశన్న చిన్నాయిన వాళ్ల చిన్నబిడ్డ పెండ్లి కుదిరిందట. ఆయన భార్య వచ్చి కార్డు ఇచ్చి, అమ్మ దగ్గర చాలాసేపు కూర్చుని పోయింది.

గోడ సంగతి అమ్మకు చదివి వినిపించాను. ఫోటో వెతకాలి.

జమున


ముహర్రక్
27 సెప్టెంబర్ 2024

జమునా,

ఉత్తరం నిండా మోరీలు, సున్నం, పసుపు కొమ్ములు. ఫోటో గురించి రెండే మాటలు. ఏం వెతకాలి? దేవుడి పటాల పక్కన దండ వేసి పెట్టిన ఫోటో దొరకడానికి టార్చిలైటు కావాలా? పోశన్న పెండ్లాం కార్డు ఇవ్వడానికి వస్తే గుమ్మంలో ఇచ్చి పోతుంది. మీ అమ్మ దగ్గర చాలాసేపు కూర్చోవడం ఎందుకో ఆలోచించావా? ఊరందరి అర్జీల మీద ముద్రలు వేసే నీకు ఇంతమాత్రం అర్థం కాదా?

ఇక్కడ ఓటింగు అయింది. నేనే గెలిచాను. ఎనిమిది గదులు మొఖాలకు, ఆరు గదులు బతుకమ్మకు.

ఊరికే గెలవలేదు. ముఖేష్ అని నాలుగో గదిలో ఒకడు, క్రేను నడుపుతాడు. లేచి, “పెద్దమనిషీ, పొద్దుగాల డ్యూటీకి ఎల్లంగ సచ్చినోళ్ల మొఖం ఎదురైతదా మాకు? పిల్లి ఎదురొస్తెనే మా అవ్వ ఇంట్లకు మర్రొచ్చి, నీళ్లు తాగి, ఘడియసేపు కూసొని పోయేది” అన్నాడు.

“మీ అవ్వకు కూసునే తీరుబడి ఉండె. నువ్వు కూసుంటె బస్సు ఆగుతదారా?” అన్నాను.

నవ్వారు గానీ సగం మంది వాడి వైపే తల ఊపారు. నలభై అంతస్తుల మీద ఇనుము వేలాడదీసేవాడికి గోడ మీద రంగు చూస్తే భయం. కుతుబుద్దీన్ మధ్యలో దూరి, “మొఖాలు వద్దు భాయ్, పేర్లు రాయున్రి. పేరుకు కండ్లుండయి. అది ఎవర్నీ సూడదు” అన్నాడు. పేరు రాస్తే చదవడానికి ఒకడు ఆగాలి. నాలుగున్నరకు ఎవడు ఆగుతాడు? మొఖమైతే ఆగకపోయినా కనబడుతుంది.

చివరకు పోశన్న నోరు విప్పాడు. “నర్సన్నా, ఆ పన్నెండు మందిని నేను మర్సిపోలే. గని దినాం జూడాల్నంటె నాతోని గాదు” అన్నాడు, తల వంచుకుని. నాటకాల్లో వేషం వేయవలసిన మనిషి. చూడలేనివాడికే కదా చూపించాలి.

ఇప్పటికి తొమ్మిది కుటుంబాల కాగితాలు వచ్చాయి. ఒకరు పెండ్లినాటి ఫోటో పంపారు, ఒకరు ఆధార్ కార్డు పంపారు. నా సొంత తమ్ముడి ఇంటి నుంచి మాత్రం రాలేదు. నిఖత్ రోజూ, “అంకుల్, మీదేది?” అని అడుగుతున్నది. ఏం చెప్పమంటావు?

ఎదురుచూస్తూ,
రాజనర్సు


మెట్‌పల్లి
12 అక్టోబర్ 2024

పెద్దబాపుకు,

పండుగ పనులతో జవాబు ఆలస్యమైంది. పోశన్న చిన్నాయిన భార్య అమ్మ దగ్గర కూర్చున్నది మోకాలికి ఏదో నూనె గురించి చెప్పడానికి. ఆ నూనె కూడా పనిచేయలేదు.

ఫోటో ఎక్కడికీ పోలేదు. అమ్మ దాన్ని గోడ మీంచి దించి, దండ తీసి, కొంగుతో తుడిచింది. ఇస్తుందేమోనని నేను ఫోను పట్టుకుని నిలబడ్డాను. మళ్లీ దండ వేసి అక్కడే తగిలించింది. “బొమ్మ కింద ఏం రాస్తడో అడుగు” అన్నది. అంతే. నేను మళ్లీ కదిలిస్తే అన్నం తినకుండా పడుకున్నది.

అందుకే అడుగుతున్నాను. బొమ్మ కింద ఏం రాస్తావు?

ఇంకొకటి నా తరఫున. బాపు పెట్టె వచ్చిననాడు నాకు ఎనిమిదేళ్లు. పెట్టెతో పోశన్న చిన్నాయిన దిగాడు. నువ్వు వెనక వస్తావని నేను రోడ్డు దాకా పోయి చూసి వచ్చాను. ఆ తర్వాత పదిహేనేళ్లయింది, ఒక్కసారి కూడా రాలేదు. ఎందుకు రాలేదో నేను ఎప్పుడూ అడగలేదు. ఇప్పుడు అడగొచ్చా?

జమున


అవాలి
25 అక్టోబర్ 2024

జమునా,

పైన ఊరి పేరు మారింది, చూశావు కదా. ఓటింగులో గెలిచిన మూడు వారాలకు నన్ను ఎడారి మధ్య అవాలిలో కంపెనీ స్టోరు రూముకు మార్చాడు పోశన్న. అరవై ఆరేళ్ల మనిషిని బోల్టులు లెక్కబెట్టుకోమని. శుక్రవారం మాత్రం ముహర్రక్ పోయి గోడ దగ్గర పని చేసి వస్తున్నాను. చరిత్రలో ఎదురు చెప్పినవాళ్లను ఇట్లాగే దూరానికి పంపారు. కాకపోతే వాళ్లను పంపినవాళ్లు రాజులు, వీడికి ఉన్నది తాళంచెవుల గుత్తి.

బొమ్మ కింద ఏం రాస్తానని కదా అడిగావు. ప్రతివాడి కింద నాలుగు సంగతులు. పేరు, ఊరు, ఏడాది, ఎట్లా పోయాడు. మీ బాపు కింద రాసేది ఇది: స్వామి, మెట్‌పల్లి, 2009, క్లినిక్‌కు పోతానంటే చీటీ ఇవ్వనందువల్ల.

మీకు ఆనాడే రాశాను. ఛాతీలో బరువుగా ఉందన్నాడు వాడు, క్లినిక్‌కు పోనియ్యలేదు. అడ్డుపడ్డది పోశన్న. ఆ తప్పు ఎవరికీ కనబడకుండా పదిహేనేళ్లు పెద్దమనిషిగా తిరిగాడు, సంఘం పెట్టాడు, శాలువాలు కప్పించుకున్నాడు. ఇకమీద రోజూ పొద్దున బస్సులో మనుషులను లెక్కబెట్టడానికి ఆ గోడ ముందు నిలబడి ఆ నాలుగు ముక్కలు చదువుకుంటాడు. నాకు కావలసింది అదే. నేను దాచుకునేదేమీ లేదు.

నేను ఎందుకు రాలేదని అడిగావు. అప్పుడు కంపెనీ నాకు సెలవు ఇవ్వలేదు. ఆ తర్వాత నా పాస్‌పోర్టు పోశన్న బీరువాలో పడింది. ఇక్కడి మనిషికి కాళ్లుండేది ఆ పుస్తకంలోనే. మా బిల్డింగు మీంచి పది నిమిషాలకొక విమానం పోతుంది, చెవులు లేని నాకు కూడా అది మాత్రం వినబడుతుంది.

ఇక సంతకానికి అడ్డేమిటి?

రాజనర్సు


మెట్‌పల్లి
8 నవంబర్ 2024

పెద్దబాపుకు,

నీ ఉత్తరం మూడుసార్లు చదివాను. నీకు కోపం వస్తుందని తెలిసే పోశన్న చిన్నాయినకు ఫోన్ చేశాను.

నీ పాస్‌పోర్టు మార్చిలోనే కొత్తది అయిందట. ఆయన నీకిస్తే, నీ దగ్గరైతే పోతుందని, ఆయన్నే ఉంచమని నువ్వే తిరిగి ఇచ్చావట. టికెట్ మూడుసార్లు తీశారట. ఒకసారి కడుపునొప్పి అన్నావు, ఒకసారి రంజాన్ అయ్యాక అన్నావు, ఒకసారి గోడ అన్నావు. అవాలి స్టోరులో ఏసీ ఉంటుందని, నీ కాళ్లు వాస్తున్నాయని, కుర్చీలో కూర్చునే పని చూసి పంపాడట. “తిట్టుకున్నా మంచిదే గని ఎండల నిలవడద్దు” అన్నాడు.

బాపు సంగతి కూడా అడిగాను. “అది మీ పెద్దబాపునే అడుగు బిడ్డా. నేను జెప్పేది గాదు” అన్నాడు.

ఆయన చెప్పకపోయినా మాకు తెలుసు. ఇది రాయడానికే ఇన్ని రోజులు పట్టింది. ఆ రోజు బాపుతో పాటు పనిలో ఉన్న పేరయ్య ఏడేళ్ల కింద ఆ దేశం వదిలి వచ్చేశాడు. వచ్చిన వారానికి అమ్మను చూడడానికి వచ్చాడు. నేను పదో తరగతి, పక్క గదిలో ఉన్నాను. క్లినిక్‌కు చీటీ ఎవరిస్తారని అమ్మ అడిగింది. చీటీ పుస్తకం ఫోర్‌మన్ జేబులో ఉంటుందని పేరయ్య చెప్పాడు. ఫోర్‌మన్ ఎవరని అమ్మ అడగలేదు. ఆయనకు చాయ్ పోసి పంపించింది.

ఏడేళ్లుగా అమ్మ నా చేత నీకు ప్రతి ఉత్తరంలో ఎప్పుడొస్తావని రాయించింది. నేను సున్నం వేయించింది కూడా ఆమె చెబితేనే. ఇది నాకు అర్థం కాదు, నీకు అర్థమైతే చెప్పు.

ఒప్పుదల కాగితం రాసి పెట్టాను. సంతకం పెట్టాలో లేదో అమ్మ ఇష్టం. కానీ అంతకుముందు ఆ పొద్దున ఏం జరిగిందో నువ్వు నీ చేత్తో రాయాలి. పేరయ్య చెప్పింది కాదు, నువ్వు చెప్పాలి.

జమున


ముహర్రక్
15 నవంబర్ 2024, శుక్రవారం

జమునా,

పేరయ్య తాగుబోతు. ఇక్కడ ఉన్నన్ని రోజులు నా దగ్గర చీవాట్లు తిన్నవాడు. వాడి మాట పట్టుకుని నా తమ్ముడి బిడ్డ నన్ను బోను ఎక్కించింది. పోశన్నతో ఫోనులో మాట్లాడావంటేనే అర్థమైంది, ఈ ఉత్తరం ఎవరు రాయించారో.

ఫోటో మీరే ఉంచుకోండి. వాడి మొఖం నాకు గుర్తుంది. కాగితం లేకపోయినా వేస్తాను. నాకు ఇక ఉత్తరాలు రాయవద్దు.

రాజనర్సు


ముహర్రక్
13 డిసెంబర్ 2024

జమునా,

రాయవద్దన్నాను, నువ్వు రాయలేదు. ప్రతి శుక్రవారం కుతుబుద్దీన్ కొట్టు ముందు ఊరికే నిలబడుతున్నాను. ఆయన ఫోను తీసి చూపించి, “కుచ్ నై ఆయా భాయ్, ఏం రాలే” అంటున్నాడు. ఈరోజు ఆయనే చాయ్ ఇచ్చి కూర్చోబెట్టాడు.

మీ బాపు మొఖం బొగ్గుతో గీయబోయాను. కండ్లు వచ్చాయి, నుదురు వచ్చింది. నోరు రాలేదు. వాడి నోరు గుర్తు చేసుకోబోతే అది ప్రతిసారీ ఒకే మాట అంటున్నది. అందుకని రాస్తున్నాను. మీ అమ్మకు చదివి వినిపించు, ఏదీ తగ్గించకు.

2009 జులై. జుఫైర్‌లో టవరు కడుతున్నాం, ఇప్పుడది హోటలు. నేను ఫోర్‌మన్, పోశన్న ఒక గ్యాంగుకు లీడరు. క్లినిక్‌కు పోవాలంటే ఫోర్‌మన్ రాసిన చీటీ కావాలి. చీటీ లేకుండా పోతే డాక్టరు చూడడు, ఆ పూట గైర్హాజరు పడుతుంది. రోజుకు ఇద్దరికి మించి రాయవద్దని పైవాళ్లు నాకు చెప్పి ఉన్నారు. అంతకు రెండు రోజుల ముందు పోశన్న మనుషులు ఇద్దరు అడిగితే నేను రాయలేదు. దొంగ జ్వరం అనుకున్నాను. పోశన్న అందరి ముందు, “నీ తమ్ముడైతె నీడకు కూసోవెడ్తవు, మావోళ్లయితె ఎండకు ఎక్కిస్తవు. గంతేనా ఫోర్‌మన్ సాబ్?” అన్నాడు. నలభై మంది విన్నారు. ఎవరూ నవ్వలేదు. నవ్వితే బాగుండేది.

ఆ పొద్దున లిఫ్టు దగ్గర మీ బాపు నా పక్కకు వచ్చాడు. “అన్నా, ఎడమ రెక్క గుంజుతాంది. ఇయ్యాల కింద ఉంచు” అన్నాడు, నెమ్మదిగా. పోశన్న గ్యాంగు అక్కడే నిలబడి ఉంది. చీటీల పుస్తకం నా చొక్కా జేబులో ఉంది. వాడి చొక్కా తెల్లవారకముందే తడిసి ఉంది, అది కూడా చూశాను. అందరికీ వినబడేట్టు, “తమ్ముడని రాసియ్య. యల్లా, పైకెక్కు” అన్నాను.

ఎక్కాడు. చిన్నప్పటి నుంచి నాకు ఎదురు చెప్పి ఎరగడు. తొమ్మిదిన్నరకు పదకొండో అంతస్తులో చెక్కల మీద నీళ్ల సీసాతో కూర్చున్నాడట. మళ్లీ లేవలేదు. పైకి మొదట ఉరికింది పోశన్న.

కంపెనీ ఇద్దరికీ టికెట్ ఇస్తానన్నది, నాకు, పెట్టెకు. నేను వద్దన్నాను. మీ అమ్మ ముఖం చూడలేక వద్దన్నాను. పెట్టెతో పోశన్న పోయాడు. అతను తిరిగి రాకముందే మీకు ఉత్తరం రాసి అతని మీద నెట్టాను. అతను ఒక్క మాట అనకపోతే ఈ పని జరిగేదా అని నాకు నేను చెప్పుకున్నాను. పదిహేనేళ్లు చెప్పుకున్నాను. ఎన్ని పుస్తకాలు చదివానో అంత గట్టిగా వాదించుకున్నాను.

నన్ను ఇక్కడ ఎవరూ పట్టి ఉంచలేదు. మీ అమ్మ ఏమన్నదో రాయి. ఏమీ అనకపోతే అదీ రాయి.

రాజనర్సు


మెట్‌పల్లి
24 డిసెంబర్ 2024

పెద్దబాపుకు,

చదివి వినిపించాను. ఏదీ తగ్గించలేదు. అమ్మ మళ్లీ చదవమన్నది, మళ్లీ చదివాను. లేచి పోయి బియ్యం కడిగి పొయ్యి మీద పెట్టింది.

అన్నం ఉడికాక మాట్లాడింది. ఆమె అన్నది అన్నట్టే రాస్తున్నాను.

“గోడ మీద వద్దని రాయి. కోపానికి గాదు. ముండమోసిన పొద్దు నుంచి నేను ఒగలు పెండ్లికి పోతాంటె ఎదురు వోలేదు, ఒగలు దుబాయి పోతాంటె ఎదురు వోలేదు. పోశన్న బిడ్డ పెండ్లికి కార్డియ్యనొస్తె దర్వాజ ఎన్కనే కూసున్న. పదిహేనేండ్లు ఎవలు బైలెల్లినా పక్కకు జరిగిన. ఇప్పుడు ఆయనను తీసుకపోయి డ్యూటీకెల్లేటోళ్లకు ఎదురు నిలవెడ్తరా? పొద్దుగాల్నే గా పోరగాండ్లు మొఖం తిప్పుకుంట బస్సెక్కుతరు. బతికినన్ని రోజులు ఆయనను జూసి మొఖం తిప్పుకున్నోడు లేడు.”

నేను ఆ క్రేను అబ్బాయి మాటలకు నవ్వాను, నీ ఉత్తరం చదివి. ఇది నాకు తట్టలేదు. ఒకే ఇంట్లో ఉండి నేను కూడా చూడలేదు.

చివర ఇంకొక మాట అన్నది. “బావను రమ్మను. రాసి పంపుడు గాదు. నా ముంగట కూసొని చెప్పుమను. విన్నంక నేను ఏమంటనో నాకే ఎరుక లేదు. గని రమ్మను.”

ఆమె నిన్ను క్షమిస్తుందని నేను రాయలేను. నాకు తెలియదు. నేను క్షమించానో లేదో కూడా తెలియదు.

జమున


ముహర్రక్
17 జనవరి 2025, శుక్రవారం

జమునకు, మరదలు భీమవ్వకు,

గోడ పని పూర్తయింది. ఆ సంగతి ముందు రాస్తాను, రెండోది రాయడానికి నాకు కొంచెం కష్టం.

మీ అమ్మ మాటలు గదుల వాళ్లందరినీ పిలిచి చదివాను. ఎవరివో, ఎందుకన్నదో కూడా చెప్పాను. జుఫైర్ సంగతీ చెప్పాను. నా గొంతు నాకు వినబడదు కాబట్టి ఎంత గట్టిగా చెప్పానో తెలియదు. పక్క బిల్డింగు వాళ్లు కూడా కిటికీల్లోకి వచ్చారని కుతుబుద్దీన్ అన్నాడు. అప్పుడు నేనే అడిగాను, మొఖాలు గేటుకు ఎదురు వద్దు, లోపల నీళ్ల ట్యాంకు పక్క గోడకు వేద్దామని. సాయంత్రం డ్యూటీ నుంచి వచ్చి అందరూ కాళ్లూ చేతులూ కడుక్కునేది అక్కడే. పోయేటప్పుడు కాదు, వచ్చాక కనబడతారు. ఓట్లు అవసరం పడలేదు. ముఖేష్ వచ్చి రంగుల డబ్బాలు లోపలికి మోశాడు.

పదకొండు మొఖాలు వేశాను. కింద పేరు, ఊరు, ఏడాది. ఎట్లా పోయారో రాయలేదు. అది రాసే హక్కు నాది కాదని తేలింది. పన్నెండో చోటు కోసం గీత కొట్టి పెట్టుకున్నది తుడిచి, మిగతావాటిని కొంచెం ఎడంగా జరిపాను. చూసినవాళ్లకు అక్కడ ఒకటి తగ్గిందని తెలియదు.

గేటుకు ఎదురు గోడ మీద పోశన్న బతుకమ్మ వెలిసింది. తంగేడు పూలు గోబిపువ్వుల్లాగా ఉన్నాయి. చెప్పాను కూడా. ఈ వయసులో ఆ మాత్రం అనకుండా ఉండలేను.

ఇక రెండోది. మొన్న పోశన్న నా గదికి వచ్చి మంచం మీద కూర్చున్నాడు. ఇన్నేళ్లలో మొదటిసారి. “నీ మీద రాసింది అబద్ధమని వాళ్లకు రాశాను” అన్నాను. నిజంగా వినబడాలని నా చెవి దగ్గరకు వచ్చి మాట్లాడాడు. “నర్సన్నా, గా మాట అన్నది నేనే గద. నువ్వు తిట్టినన్ని రోజులు నాకు పాణం నిమ్మలముండె. ఇప్పుడు నువ్వు తిట్టుడు బంద్ జేస్తె నేనేం జేద్దు?” అన్నాడు. ఇద్దరం చాయ్ తాగాం. అది చల్లారిపోయింది, అయినా తాగాం.

టికెట్ తీశాడు. వచ్చే గురువారం, 23వ తేదీ, పొద్దున పదకొండు గంటలకు. హైదరాబాదులో దిగి సాయంత్రమో రాత్రో బస్సు పట్టుకుని వస్తాను. నన్ను తీసుకుపోవడానికి ఎవరూ రావద్దు. భీమవ్వా, ఏ మాటతో మొదలుపెట్టాలో ఇంకా తెలియదు. ఏదీ తగ్గించను.

పాస్‌పోర్టు ఇప్పుడు నా జేబులోనే ఉంది. ఎయిర్‌పోర్టు మా గల్లీ నుంచి నడిచిపోయేంత దూరం. అయినా కారులో వచ్చి దింపమని పోశన్నకు చెప్పాను. దింపి వెళ్లిపోవద్దని, నేను లోపలికి పోయేదాకా తలుపు దగ్గరే నిలబడమని, వెనక్కి వస్తే మళ్లీ లోపలికి తోయమని చెప్పాను.

రాజనర్సు